దక్షిణ తెలంగాణ సంఘముల నోట ఇంగ్లీషు మాట: అర్థము, ఉచ్చారణ, చరిత్ర

ఉపోద్ఘాతము

యాదగిరిగుట్ట అను పేరులో కొండ రెండుసార్లు ఉన్నది. 'గిరి' సంస్కృతము, 'గుట్ట' తెలుగు. యాద మహర్షి పేర వెలసిన గిరి అని స్థలపురాణము చెప్పుచున్నది. ఆ గిరి తమ కంటికి గుట్టయే గనుక జనులు తమ మాటను దాని చివర చేర్చుకొన్నారు. ఇటువంటిది ఇంగ్లండులోను జరిగినది. అక్కడి ఎవాన్ నది పేరుకు ప్రాచీన కెల్టిక్ భాషలో నది అనియే అర్థము. తరువాత వచ్చిన ఇంగ్లీషువారు ఆ అర్థమెరుగక 'రివర్ ఎవాన్' అన్నారు, అనగా నది నది. ఒక భాషలోని మాట వేరొక భాషవారి నోట పడినప్పుడు ముందుగా జారిపోవునది అర్థము, నిలిచిపోవునది ధ్వని. ఆ ధ్వనికి వారు మరల ఒక అర్థమును కూర్చుకొందురు.

ఈ వ్యాసములో మేము పరిశీలింపదలచినది గుట్ట పేరును కాదు. నల్గొండ, మహబూబ్‌నగర్ ప్రాంతపు క్రైస్తవ సంఘములలో, వాడుకలో అరుదైన ఇంగ్లీషు పదములు ఏ దారిన వచ్చినవి, వాటికి అర్థము ఎవరు చెప్పారు, వాటిని మనవారు ఎట్లు పలికారు అనునదే మా విషయము. ఇది చిన్న విషయమని కొందరు అనుకోవచ్చును. అయితే పల్లె సంఘము నుండి వేదాంత విద్యకు వచ్చిన యువకుడొకడు తరగతిలో 'సామ్' అని చదువవలసిన మాటను మొదటి అక్షరముతో సహా 'ప్సాల్మ్' అని చదివినందుకు తోటివారందరు నవ్వగా, మిగిలిన సంవత్సరములన్నిటిలో ఇంగ్లీషులో నోరు తెరువకుండిన సంగతి మేమెరుగుదుము. అతడు ఇప్పుడు మంచి ప్రసంగీకుడు. అయినను ఆ నవ్వు న్యాయమైనదా కాదా అని చరిత్రను అడిగి చూచుట అవసరమని మాకు తోచినది.

మద్రాసు వైపు నిఘంటువులు

తెలుగువారికి ఇంగ్లీషు మాటల అర్థము చెప్పు పని మొదట కుంఫిణీ పాలనలోని జిల్లాలలో ఆరంభమైనది. తొలి దినములలో మన భాషను ఇంగ్లీషువారు 'జెంటూ' అని పిలిచేవారు. విలియం బ్రౌను 1817లో మద్రాసులో ప్రకటించిన వ్యాకరణమునకు జెంటూ భాషా వ్యాకరణమనియే పేరు. ఈ మాట పోర్చుగీసువారి 'జెంతియో' నుండి వచ్చినది. దాని అర్థము అన్యజనుడు. అనగా మన బైబిలులో అన్యజనులు అని చదువుచున్న ఆ మాటయే ఒకప్పుడు మన భాషకు పేరైనది! ఎ.డి. క్యాంబెల్ తన 1816 నాటి వ్యాకరణములోను, 1821 నాటి నిఘంటువులోను తెలుగు అను పేరునే వాడినందుకు మనము అతనికి కృతజ్ఞులమై యుండవలెను.

వీరందరి తరువాత ఛార్లెస్ ఫిలిప్ బ్రౌను పేరు చెప్పవలసియున్నది. ఆయన 1798లో కలకత్తాలో జన్మించాడు. తండ్రి డేవిడ్ బ్రౌను కలకత్తాలో సేవచేసిన ఛాప్లెయిను. 1817లో మద్రాసుకు, 1820లో కడపకు వచ్చిన ఈ సివిలు ఉద్యోగి 1829లో వేమన పద్యములను ఇంగ్లీషు అనువాదముతో ప్రకటించాడు. 1852 నుండి 1854 లోపల తెలుగు-ఇంగ్లీషు, ఇంగ్లీషు-తెలుగు, మిశ్రభాషా నిఘంటువులను అచ్చు వేయించాడు. తెలుగు-ఇంగ్లీషు నిఘంటువు అచ్చయినది మద్రాసులోని క్రిస్టియన్ నాలెడ్జ్ సొసైటీ ముద్రణాలయములో అనునది మన పాఠకులు గుర్తుంచుకొనదగినది. ఆ నిఘంటువులో తెలుగు చకార జకారముల రెండు విధముల పలుకుబడిని గుర్తులతో వేరుచేసి చూపాడు. ఇంగ్లీషు-తెలుగు నిఘంటువు పేరులోనే, ఇంగ్లీషు జాతీయములను తెలుగులో వివరించుటతోపాటు ఇంగ్లీషు మాటల ఉచ్చారణను కూడ చూపెదమని చెప్పబడినది. అర్థము, ఉచ్చారణ రెండును ఒకే పుస్తకములో తెలుగువానికి అందింపబూనిన ప్రయత్నమది.

ఉచ్చారణను పుస్తకములో చూపవలెనను కోరిక ఇంగ్లండులో కూడ అప్పటికి పాతది కాదు. జాన్సన్ 1755లో ప్రకటించిన నిఘంటువు అర్థములకు పేరుపొందినది. ఉచ్చారణకు ప్రమాణముగా నిలిచినది జాన్ వాకర్ 1791లో ప్రకటించిన నిఘంటువు. వాకర్ మొదట నాటకములలో నటుడు. ఇంగ్లీషువారు కూడ తమ భాషను ఎట్లు పలుకవలెనో తెలిసికొనుటకు ఒక నటుని పుస్తకము కొనుక్కొన్నారన్న సంగతి, మన విద్యార్థులను చూచి నవ్వువారు ఒకసారి తలంచుకొనవలెను.

మాటల రాకపోకలు ఒకవైపే జరుగలేదు. మన పందికొక్కు ఇంగ్లీషులోనికి పోయి 'బాండికూట్' అయినది. అక్కడనుండి ఆస్ట్రేలియాకు పోయి, పిల్లలను సంచిలో మోయు వేరొక జంతువుకు పేరైనది. దొరలు మన పందికొక్కును ఇంత మార్చి పలికినందుకు ఎవరును నవ్వలేదు, దానిని నిఘంటువులో చేర్చారు.

నిజాము రాజ్యము వైపు

అయితే బ్రౌను పనిచేసిన కడప, మచిలీపట్నము, రాజమండ్రి వేరు, మన గుట్ట వేరు. యాదగిరిగుట్ట, భువనగిరి, నల్గొండ, పాలమూరు నిజాము రాజ్యములోనివి. అక్కడ 1884 వరకు రాజభాష పారసీకము, తరువాత ఉర్దూ. 1917లో హైదరాబాదులో అనువాద సంస్థ ఏర్పడి ఇంగ్లీషు శాస్త్రపదములకు ఉర్దూలో సమానార్థకములు కల్పించినది. 1918లో ఉస్మానియా విశ్వవిద్యాలయము ఉర్దూ మాధ్యమముతో స్థాపింపబడినది. కాబట్టి కోస్తా రైతు ఇంగ్లీషు మాటను కలెక్టరు కచేరీ దారిన విన్నాడు, నల్గొండ రైతు అనేక ఇంగ్లీషు మాటలను ఉర్దూ దారిన విన్నాడు. అసలు ఇక్కడ కలెక్టరే లేడు, ఆ స్థానములో అవ్వల్ తాలూక్‌దారు ఉండెను. కోస్తాలో హాస్పిటల్ అను మాట ఆసుపత్రి అయితే, తెలంగాణలో ఆ ఇంగ్లీషు మాట అవసరమే లేకపోయినది, దవాఖాన ఉన్నది గనుక.

ఉర్దూ మాట్లాడువారు 'స'తో మొదలగు జంట అక్షరములకు ముందు ఇకారము చేర్చి ఇస్కూల్, ఇస్టేషన్, ఇస్టాంప్ అందురు. గ్లాసు గిలాసు అయినది, అదే మన పల్లెలలో గిలాస. ఆర్డర్లీ అర్దలీ అయినాడు, లాంటర్న్ లాల్టేను అయినది. ఇవి తప్పులు కావు. ఒక భాషకు స్వభావసిద్ధమైన నోటి అమరిక అది. గుట్టకు వచ్చు యాత్రికులు దిగు రాయగిరి రైలు స్టేషనును ఇస్టేషన్ అనువాడు భాష రానివాడు కాడు, ఆ మాటను హైదరాబాదు నుండి నేర్చినవాడు.

పేర్లకు కూడ ఇదే గతి పట్టినది. భువనగిరి జనుల నోట బోనగిరి, సర్కారు కాగితములలో భోంగీర్ అయినది, ఇంగ్లీషువారు ఆ భోంగీర్‌నే వ్రాసికొన్నారు. పాలమూరు 1890లో ఆరవ నిజాము పేర మహబూబ్‌నగర్ అయినది. 2016లో నల్గొండ నుండి వేరుపడిన జిల్లాకు యాదాద్రి భువనగిరి అని పేరిడినప్పుడు ఇంగ్లీషు బోర్డులలో మరియొక మార్పు వచ్చినది. 'అద్రి' అనినను కొండయే గదా.

మిషనరీల ఇంగ్లీషు ఏ ఇంగ్లీషు?

ఈ నేలకు సువార్తతోపాటు ఇంగ్లీషు పలుకుబడి తెచ్చినవారెవరు? అమెరికన్ బాప్టిస్టు మిషను 1840లో నెల్లూరులో స్థిరపడి, 1870ల నుండి సికింద్రాబాదు, హనుమకొండ, పాలమూరు వైపు వచ్చినది. నల్గొండలో 1890లో పని ప్రారంభించిన అబ్రహాము ఫ్రీజెన్ అమెరికావాడు కాడు, ఇంగ్లండువాడును కాడు. ఆయన దక్షిణ రష్యాలోని మెన్నొనైట్ బ్రదరన్ సంఘమునకు చెందినవాడు. జర్మను మాట్లాడు కుటుంబములలో పుట్టి, జర్మనీలోని హాంబుర్గులో బాప్టిస్టు వేదాంత పాఠశాలలో చదివి, అమెరికన్ బాప్టిస్టులతో కలిసి మన జిల్లాలో సేవచేశాడు. ఆయన తరువాత వచ్చిన సహోదరులలో అనేకులు అదే రష్యా సంఘములవారు.

దీనిని మన చరిత్రకారులు మిషను విస్తరణ కథలో ఒక వరుసగా వ్రాసి వదలివేయుట చూచియున్నాము. మా దృష్టిలో ఇది అంతకంటె విలువైనది. నల్గొండ మాలపల్లెలో, మాదిగపల్లెలో మొదటిసారి ఇంగ్లీషు వినినవారు దానిని ఇంగ్లండు రాణి నోటినుండి వినలేదు, దానిని పరభాషగా నేర్చుకొన్న ఒక జర్మను నోటినుండి విన్నారు. ఆ బోధకునికి తెలుగును నేర్చుకొన్నదే, ఇంగ్లీషును నేర్చుకొన్నదే. అమెరికావారు 'ర'కారమును స్పష్టముగా పలుకుదురు, దక్షిణ ఇంగ్లండు పెద్దలు మాట చివర దానిని మింగివేయుదురు. మన పాస్టరు, డాక్టరు, బ్రదరు అను మాటలలో రకారము నిండుగా ఉన్నది. దానిని ఎవరైన తప్పుపట్టినయెడల, ఏ దేశపు ఇంగ్లీషు ప్రకారము అని అడుగుట న్యాయము.

మిషనరీని జనులు దొరగారు అనియు, ఆయన భార్యను దొరసానిగారు అనియు పిలిచేవారు. తెలంగాణలో దొర అను మాట అప్పటికే గడీలో కూర్చున్న భూస్వామికి చెందియున్నది. వెట్టిచాకిరి చేయించుకొనువాడును దొర, బడి పెట్టి అక్షరము నేర్పినవాడును దొర! పాస్టరు అను లాటిను మాటకు గొర్రెలకాపరి అని అర్థమని ఆ దినములలో మన పల్లెకు ఎవరైన వివరించి చెప్పియుంటే, గొల్లకురుమలు నిండిన ఈ జిల్లాలో ఆ మాటకు ఎంత బలము వచ్చియుండెడిదో. మనము కాపరి అను తెలుగు మాటను ప్రార్థనలో వాడుకొని, పాస్టరు అను మాటను హోదాకు ఉంచుకొన్నాము.

బైబిలు మాటలు

తెలుగు బైబిలు నిజాము రాజ్యములో పుట్టినది కాదు. బెంజమిన్ షుల్జ్ 1727లో క్రొత్త నిబంధనను, 1732 నాటికి పూర్తి బైబిలును మద్రాసులో అనువదించాడుగాని అది అచ్చు కాలేదు. విశాఖపట్నములో క్రాన్, దెగ్రాంజ్ అనువారు ఆనందరాయరు సహాయముతో చేసిన సువార్తలు 1812లో శ్రీరాంపూరులో అచ్చయినవి. ప్రిచెట్ క్రొత్త నిబంధన 1818లో వచ్చినది. ఈ పరంపరలో స్థిరపడిన భాష తీరప్రాంత పండితుల సంస్కృత తెలుగు. కాబట్టి నల్గొండ విశ్వాసి వారమంతయు దవాఖాన, అర్జీ, హుకుం అని మాట్లాడి, ఆదివారమున రక్షణ, ప్రవక్త, నీతిమంతుడు అని చదివాడు. నల్గొండలో 1922లో నీలగిరి పత్రిక, హైదరాబాదులో 1926లో గోలకొండ పత్రిక వెలువడకముందే ఇక్కడి దళిత క్రైస్తవుల చేతిలో అచ్చు తెలుగు పుస్తకమొకటి ఉన్నదను సంగతి తెలంగాణ భాషా చరిత్ర వ్రాయువారు ఇంకను తగినంతగా గమనింపలేదని మా అభిప్రాయము.

ఇక ఇంగ్లీషు సంఘపదములను చూతము. 'చర్చి' అను మాట గ్రీకులోని 'కురియకొన్' నుండి పుట్టినది, ప్రభువుకు చెందినది అని అర్థము. క్రొత్త నిబంధన గ్రీకులో ఉన్న మాట వేరు, 'ఎక్లేసియా', అనగా పిలువబడి కూడినవారు. టిండేల్ 1526లో దానిని 'కాంగ్రిగేషన్' అని సరిగా అనువదించాడు. అయితే 1604లో రాజు ఏర్పరచిన అనువాదకులకు బిషప్ బ్యాంక్రాఫ్ట్ ఇచ్చిన నియమములలో మూడవది, పాత సంఘపదములను మార్చకూడదు, చర్చి అను మాటను కాంగ్రిగేషన్ చేయకూడదు అని. ఆ నియమము ప్రకారము 1611 బైబిలు వచ్చినది. మన తెలుగు బైబిలు మాత్రము సంఘము అన్నది! టిండేల్ పక్షము వహించినదన్నమాట. ఇంగ్లీషు మాటను మనము ఇటుక గోడలకు ఉంచి 'చర్చికి పోదాము' అందుము, మనుష్యులను సంఘము అందుము. ఇంగ్లీషువారికి ఒకే మాటలో కలిసిపోయిన రెండు అర్థములు తెలుగు విశ్వాసి నోట చక్కగా వేరుపడినవి.

బిషప్ అను మాట గ్రీకు 'ఎపిస్కొపొస్' అరిగి అరిగి ఇంగ్లీషులో మిగిలిన ముక్క. పైనుండి చూచువాడని అర్థము. తెలుగు బైబిలు అధ్యక్షుడు అన్నది, అర్థములో అది సరిగా సరిపోవును. అయినను 1912లో అజరయ్యగారు దోర్నకల్ బిషప్పుగా అభిషేకింపబడి భారతీయులలో మొదటి ఆంగ్లికను బిషప్పు అయినప్పుడు ఆయనను ఎవరును అధ్యక్షుడని పిలువలేదు. హోదాకు ఇంగ్లీషు, వాక్యమునకు తెలుగు అను పద్ధతి మనలో అంత గట్టిది.

బాప్తిస్మము సంగతి వేరు. 'బాప్టైజ్' అను మాటకు ఇంగ్లీషు పాఠకునికి తన భాషలో మూలార్థము లేదు, గ్రీకు ధ్వనినే ఇంగ్లీషు అక్షరములలో వ్రాసికొన్నారు. గ్రీకులో ముంచుట అని అర్థము. శ్రీరాంపూరు బాప్టిస్టులు బెంగాలీలో ముంచుట అను అర్థము వచ్చునట్లు అనువదించినందుకు బైబిలు సొసైటీలతో తగవు వచ్చినది. 1836లో అమెరికన్ బైబిలు సొసైటీ అట్టి అనువాదమునకు సహాయము నిరాకరింపగా అక్కడి బాప్టిస్టులు వేరే సొసైటీ పెట్టుకొన్నారు, 1840లో ఇంగ్లండు బాప్టిస్టులును అట్లే చేశారు. ఒక్క మాటకు అర్థము చెప్పవలెనా, ధ్వనిని మాత్రమే ఉంచవలెనా అను ప్రశ్న మీద రెండు దేశములలో సొసైటీలు చీలినవి. తెలుగులో చివరకు నిలిచినది ధ్వనియే. కతోలికులు జ్ఞానస్నానము అని అర్థము చెప్పుకొన్నారు. ముంచుటయే సరియని బోధించు మన నల్గొండ బాప్టిస్టులు మాత్రము, ముంచుట అని ఎక్కడను చెప్పని మాటను పట్టుకొని దాని అర్థమును చెరువులో చూపుచు వచ్చారు.

జూబిలీ అను మాటను కూడ ఇక్కడ తలంచక తప్పదు. హెబ్రీలో 'యోబేల్' అనగా పొట్టేలు కొమ్ము, ఆ కొమ్ము బూరను ఊది ఏబదియవ సంవత్సరమును చాటేవారు. దాసులకు విడుదల, పోయిన భూమి తిరిగి వచ్చుట ఆ సంవత్సరపు ధర్మము. లాటినులో ఇది ఆనందధ్వని అను అర్థముగల వేరొక మాటతో కలిసిపోయి ఇంగ్లీషులో ఉత్సవము మాత్రమే అయినది. తెలుగు అనువాదకులు సునాద సంవత్సరము అన్నారు, బూర శబ్దమును పోనీయలేదు. 1937లో ఏడవ నిజాము సిల్వర్ జూబిలీ రాజ్యమంతట జరిగినది. ఆ సంవత్సరమున నల్గొండలో వెట్టివానికి విడుదల రాలేదు, భూమియు తిరిగి రాలేదు. భూమి ప్రశ్న మీద ఈ జిల్లా పదేండ్లు గడువకముందే లేచినది. నేడు జూబ్లీ హిల్స్ అని చెప్పు బస్సు కండక్టరుకు గాని, అక్కడ భూమి కొనువారికి గాని లేవీయకాండము 25వ అధ్యాయము జ్ఞాపకమునకు రాదు.

షిబ్బోలెతు

ఉచ్చారణ విషయములో బైబిలే మనకొక చరిత్ర చెప్పుచున్నది. న్యాయాధిపతుల గ్రంథము 12వ అధ్యాయములో గిలాదువారు యొర్దాను రేవులను పట్టుకొని, దాటవచ్చిన ప్రతివానిని షిబ్బోలెతు అనుమన్నారు. ఎఫ్రాయిమువాడు సిబ్బోలెతు అన్నాడు. ఆ సమయమున పడినవారు 42,000 మంది అని గ్రంథము చెప్పుచున్నది. ఆ మాటకు ధాన్యపు వెన్ను అనియు, ప్రవాహమనియు అర్థములు చెప్పుదురు. రేవులో నిలిచినవారికి అర్థముతో పనిలేదు, ఒక్క అక్షరముతోనే పని. తరువాత ఈ మాట ఇంగ్లీషులో చేరి, మనవాడా పరాయివాడా అని తేల్చు గురుతు అను అర్థమును సంపాదించినది.

శ, ష, స లను ఒకటిగా పలుకు పల్లెలు మనకు కొల్లలు. శాంతి సాంతి అగును, యేసయ్య షాలేము రాజు అను పాట సాలేము రాజు అగును. మనవారందరు ఆ రేవులో ఎఫ్రాయిమువారే.

ఇప్పుడు ఆ విద్యార్థి చదివిన 'ప్సాల్మ్' సంగతి. గ్రీకులో ఆ మాట 'ప్సల్మొస్'. పకారము అక్కడ స్పష్టముగా పలుకబడును. ఇంగ్లీషు నోటికి మాట మొదట 'ప్స' అను జంట కష్టము గనుక వారు పకారమును విడిచి, వ్రాతలో మాత్రము ఉంచుకొన్నారు. ఆత్మను గూర్చిన సిద్ధాంతమునకు ఇంగ్లీషువారు 'న్యూమటాలజీ' అందురు. గ్రీకులో ఆత్మ 'ప్నెవ్మా'. తెలుగు నోరు ఈ జంటలను సుళువుగా పలుకగలదు. కాబట్టి తరగతిలో నవ్వబడినవాడు ఇంగ్లీషునకు దూరమైయుండెనేగాని దావీదు కీర్తనలను గ్రీకులో చదివిన మొదటి సంఘమునకు నవ్వినవారికంటె దగ్గరగా ఉండెను. ఇంగ్లీషు మాధ్యమములో బి.డి. చదువు చెప్పువారు 'పెరికొపీ', 'ఎక్సిజీసిస్', 'ఎస్కటాలజీ' అను మాటలను పలికించుటకు ఎంత సమయము తీసికొందురో, అవి గ్రీకు మాటల నుండి వచ్చినవని చెప్పుటకు అందులో సగము తీసికొనరు. పెరికొపీ అనగా చుట్టు కోసి తీసిన ముక్క. ఈ అర్థము చెప్పినయెడల దర్జీపని చేయు తండ్రిగల విద్యార్థి దానిని జన్మలో మరువడు.

అయితే ఉచ్చారణ అక్కరలేదని మేము వాదించుట లేదు. యోబు గ్రంథమును ఇంగ్లీషులో చదువునప్పుడు 'జోబ్' అనక 'జాబ్' అనినయెడల ఊజు దేశపు నీతిమంతుడు ఉద్యోగమైపోవును, వినువాడు తికమకపడును. అర్థము చెడుచోట ఉచ్చారణను దిద్దవలసినదే. ఇంగ్లీషు బైబిలు ముద్రించువారు కఠినమైన పేర్ల మీద గుర్తులు వేసిన ప్రతులు తెచ్చినది తమ దేశస్థులకు కూడ ఆ పేర్లు రానందువలననే గదా.

పేర్ల పుస్తకము

తెలుగు బైబిలులోని పేర్లు చాలవరకు ఇంగ్లీషు దారిన రాలేదు. ఇంగ్లీషువారి 'మోజెస్' మనకు మోషే, 'ఈవ్' మనకు హవ్వ. రెండును హెబ్రీకి దగ్గర. ఇంగ్లీషులో 'జేమ్స్' వ్రాసిన పత్రిక మనకు యాకోబు పత్రిక. మూలములో ఉన్నది యాకోబే. లాటినులో 'ఇయాకోముస్' అని మారిన రూపము ఫ్రెంచి దారిన ఇంగ్లీషు చేరి జేమ్స్ అయినది. ఇంగ్లీషు పాఠకునికి జేకబ్, జేమ్స్ ఇద్దరు వేరువేరు పేర్లవారు. మన పల్లెలోని అక్షరము రాని అవ్వకు మాత్రము పితరుడైన యాకోబు పేరే ఆ పత్రిక వ్రాసినవానిదియునని ఎవరును చెప్పకనే తెలియును.

అయినను సంఘపు బాప్తిస్మపు పుస్తకములను తిరగవేసినయెడల వేరొక చరిత్ర కనబడును. పాత పుటలలో దావీదు, యోహాను, యాకోబు, శాంతమ్మ, రత్నమ్మ అని ఉండును. పట్టణమునకు, బడికి, ఉద్యోగమునకు పోయినవారి పిల్లల కాలమునకు డేవిడ్, జాన్, జేకబ్ అగుదురు. ఒకే ఇంటిలో తాత యోహాను, మనుమడు జాన్. షెడ్యూల్డు కులపు ధ్రువపత్రము విషయమై 1950 నాటి రాష్ట్రపతి ఉత్తర్వు క్రైస్తవులను జాబితాలో చేర్చలేదు గనుక కొందరు బడిలో వేరొక పేరు వ్రాయించుటయు ఉన్నది. అటువంటి బిడ్డకు మూడు పేర్లు ఉండును: బడి పుస్తకములో ఒకటి, సంఘపు పుస్తకములో ఒకటి, ఇంటిలో పిలుచునది ఒకటి. బాప్తిస్మపు నీళ్లలో కాపరి ఏ పేరు పలుకవలెనని తల్లిని అడిగినప్పుడు, మా అనుభవములో, ఆమె చెప్పునది చాలమట్టుకు మూడవది.